నడుం దాకా మహారాణి, నడుం కింద మా అక్క

మా అక్క కాళ్లు చూడని మనిషి ఆ రోజుల్లో ఈ దేశంలో లేడు. ముఖం చూసినవాడూ లేడు. ఆరేళ్ల పాటు ప్రతి ఆదివారం సాయంత్రం ఐదు గంటలకు ఆ రెండు కాళ్లూ టీవీలో మునివేళ్ల మీద నిలబడి గిరగిరా తిరిగేవి. జనం నోరు వెళ్లబెట్టి చూసేవాళ్లు. పొగడ్తలన్నీ ఇంకొకావిడ మూటగట్టుకునేది. ఇందులో ఎంత అన్యాయం ఉందో తెలిశాక కూడా మీరు నవ్వుతారు. నేనూ నవ్వాను, కుర్చీలోంచి కింద పడేంతగా. ఆ పాపం ఇంకా నన్ను వదల్లేదు కాబట్టే ఇది రాస్తున్నాను.

ముందు మా నాన్న సంగతి చెప్పాలి. మా నాన్న బూట్లు కుట్టేవాడు. ఆయన కొట్టు వీధి మట్టానికి సగం కిందికి ఉండేది. బయటి నుంచి ఐదు మెట్లు దిగాలి, ఇంట్లోంచి అయితే పదకొండు. పై రెండు గదుల్లో మేం నలుగురం ఉండేవాళ్లం. కొట్టుకు ఉన్న ఒకే ఒక్క కిటికీ సరిగ్గా కాలిబాట ఎత్తులో ఉండటంతో పొద్దున్నుంచీ సాయంత్రం దాకా ఆయనకు కనబడేది మోకాళ్ల కింది లోకమే. నలభై ఏళ్లు అదే చూసి చూసి మనుషుల ముఖాలు గుర్తుపెట్టుకోవడం మానేశాడు. ఓసారి బజారులో సొంత బావమరిది ఎదురై పలకరిస్తే, ఎవరో అనుకుని దారిచ్చి పక్కకు తప్పుకున్నాడు. రెండడుగులు వేశాక కిందికి చూసి, "అరే, బావా" అంటూ వెనక్కి పరుగెత్తాడు. మా అమ్మ ఆ సంగతి పుట్టింట్లో చెప్పుకోలేక చచ్చింది.

"చూడు, ఆ కుడి మడమ లోపలివైపు అరిగింది. ఇంట్లో గొడవపడి వస్తున్నాడు" అనేవాడు కిటికీలోంచి చూస్తూ. నిజమో కాదో మేం పోయి కనుక్కోలేదు కనక ఆయన మాటే చెల్లేది. కుట్టేటప్పుడు ఆయన నాలుక కొన పెదవి మూల నుంచి బయటికి వచ్చేది. "లోపల పెట్టుకో, ఈగ వాలుతుంది" అనేది అమ్మ. ఆయన లోపల పెట్టుకునేవాడు. నాలుగు కుట్లు పడేసరికి మళ్లీ బయటికి వచ్చేది.

అక్కకు తొమ్మిదేళ్లప్పుడు, మునివేళ్ల మీద చేసే బాలే నాట్యం నేర్పే టీచరమ్మ ఒకావిడ తెగిన బూటు పట్టుకుని కొట్టులోకి దిగింది. పై అరలోంచి జిగురు డబ్బా అందుకోవడానికి అక్క మునివేళ్ల మీద నిలబడి ఉంది. టీచరమ్మ బూటు సంగతి మరిచిపోయి ఆ పాదాలకేసి చూస్తూ ఉండిపోయింది.

"ఈ పాదాలు ఎక్కడివండీ?"

"నావే అమ్మా. నేనే చేశాను" అన్నాడు నాన్న తల ఎత్తకుండా.

మెట్ల మీద నిలబడి ఉన్న అమ్మ ఈ మాట విన్నది. ఆ సాయంత్రం ఆయనకు టీ దొరకలేదు. మోసింది, కన్నది ఎవరయ్యా అని అమ్మ ఆ తర్వాత ఇరవై ఏళ్లు అడుగుతూనే ఉంది.

అలా అక్క బాలేలో పడింది. మునివేళ్ల మీద నిలబడటానికి వేసుకునే బూట్లు ఒక జత ఇంటికి రాగానే నాన్న ఒకదాన్ని బ్లేడుతో నిలువునా కోసి చూశాడు. "గుడ్డ, అట్ట, జిగురు. దీనికింత హంగామానా" అన్నాడు. మర్నాటి నుంచి ఆయనే చేశాడు. అక్క పాదాలకు చెక్కతో రెండు అచ్చులు చెక్కాడు, పాదం పెరిగినప్పుడల్లా కొత్తవి, పదిహేడేళ్లకు ఆఖరివి. అచ్చు అంటే చెక్క పాదం, దాని మీద బిగించే బూటు కుడతారు. మనిషి పాదం ఎక్కడ ఉబ్బితే అచ్చు మీద అక్కడ ఒక చిన్న తోలు ముక్క అంటిస్తారు, కొత్త బూటు అక్కడ నొక్కకుండా. ఆ రెండు అచ్చులూ కొట్టులో పై అరలో, జిగురు డబ్బా పక్కనే ఉండేవి. వాటి జోలికి మమ్మల్ని ఎవర్నీ పోనిచ్చేవాడు కాదు.

చదువు నాకు అబ్బింది, ఎగరడం అక్కకు అబ్బింది. నేను పళ్ల డాక్టరు దగ్గర చీటీలు రాసే ఉద్యోగంలో చేరాను. అక్క పేరున్న బాలే సంస్థలో చేరింది. మా ఇద్దరిలో ఎవరు వృద్ధిలోకి వచ్చారని అడిగితే అమ్మ నన్నే చూపించేది, నాకు నెలనెలా జీతంతో పాటు పళ్ల పొడి కూడా ఉచితంగా వచ్చేది కాబట్టి.

పదకొండేళ్లు అక్క ఆ సంస్థలో ఉంది. ఏం వేషాలు వేసిందయ్యా అంటే, మంచు రేకు, పెళ్లికి వచ్చిన అతిథి, నాలుగో దెయ్యం. ఓ ఏడాది మూడో దెయ్యానికి కాలు బెణికితే మా అక్కకు మూడో దెయ్యంగా పదోన్నతి వచ్చింది. ఆమె కాలు నయం కాగానే మళ్లీ నాలుగో దెయ్యం. ముందు వరసకు ఎందుకు రాలేదంటే ముఖం వల్ల. ముఖం బాగుండక కాదు, మా అమ్మ ముఖమే, చక్కనిదే. కానీ నాట్యం మొదలుకాగానే అక్క మనసులో అడుగులు లెక్కపెడుతుంది, పెదవులు కదులుతాయి, కష్టమైన చోటు రాగానే నాలుక కొన పెదవి మూల నుంచి బయటికి వస్తుంది. ఆ నాలుక ఎవరిదో వేరే చెప్పక్కర్లేదు.

"నీ కాళ్లు స్వర్గంలో ఉన్నాయమ్మా. ముఖం చూస్తే పాలు పొంగుతాయేమోనని కాపలా కాస్తున్నట్టుంది" అన్నాడట నాట్యం నేర్పే పెద్దాయన. సంస్థలో అందరూ ఆమెను లెక్కల టీచరు అనేవాళ్లు.

ముప్పై ఒకటో ఏట ఆ లెక్కల టీచరుకు టీవీ వాళ్ల నుంచి కబురొచ్చింది. ఆదివారం సాయంత్రం పాటలు, ఆటలు, గారడీలు కలిపి ఒక గంట కార్యక్రమం, అంతా అప్పటికప్పుడు స్టూడియోలోంచి నేరుగా వెళ్లేది. దానికి ఒక మహారాణి ఉండేది. పేరెందుకు లెండి, స్టూడియోలో ఎదురుగా మేడమ్ అనేవాళ్లు, చాటుగా మహారాణి అనేవాళ్లు. పాడుతుంది, నవ్వుతుంది, ఆవిడ కన్ను గీటితే దేశంలో సగం మంది మగాళ్లు ఆ రోజు వంటకు వంక పెట్టకుండా తినేవాళ్లు. ఒకటే లోటు. బాలే కూడా చేస్తుందని పత్రికల్లో చెప్పుకుంది. అది రాదు. ఆడలేనమ్మ మద్దెల ఓడు అన్నట్టు నాలుగు వారాలు స్టూడియో నేల జారుతోందంది, నేల మారిస్తే లైట్లు కళ్లలో పడుతున్నాయంది. ఐదో వారం ప్రొడ్యూసరు మా అక్కను పిలిపించాడు.

పద్ధతి ఇది. మహారాణి ఒక గుండ్రటి పీట మీద నిలబడి చేతులు ఆడిస్తుంది, కింద కూర్చున్న మనిషి ఒకడు ఆ పీటను తిప్పుతాడు. ఒకటో కెమెరా ఆవిణ్ని నడుం దాకా చూపిస్తుంది. ఒక అడ్డతెర అవతల, అదే రంగు నేల మీద, మా అక్క నాట్యం చేస్తుంది. రెండో కెమెరా ఆమెను మోకాళ్ల కింద మాత్రమే చూపిస్తుంది. పైన కంట్రోలు గదిలో ఒకాయన మీటలు నొక్కుతూ ఈ ముఖాన్నీ ఆ కాళ్లనూ కలిపి ఒక మనిషిని చేస్తాడు. దేశం చప్పట్లు కొడుతుంది.

దుస్తులు కూడా సగమే కుట్టారు. మహారాణి గౌనులాంటిదే, నడుం కింది భాగం మాత్రం. పైన ఏం వేసుకుంటావో నీ ఇష్టం అన్నారు. స్టూడియో చలికి అక్క ఇంట్లోంచి ఏది దొరికితే ఆ స్వెటరు తగిలించుకుని పోయేది. ఈ సంగతి ఎవరికీ చెప్పకూడదని, ఇంట్లో వాళ్లకు కూడా చెప్పకూడదని ఒప్పందం మీద సంతకం పెట్టించుకున్నారు. అక్క నోట్లో నువ్వు గింజ నానని మనిషేం కాదు. సంతకం పెట్టిందంటే పెట్టిందే. ఇంటికొచ్చి, "టీవీలో డాన్స్ చేస్తున్నా, గుంపులో ఉంటాను" అని మాత్రం చెప్పింది.

అప్పటిదాకా రేడియో కూడా దండగ అన్న మా నాన్న వారం తిరక్కుండా టీవీ కొన్నాడు.

మొదటి ఆదివారం పక్కింటివాళ్లు, ఎదురింటివాళ్లు అందరూ మా ముందు గదిలో కిక్కిరిశారు. నాన్న తెరకు జానెడు దూరంలో కుర్చీ వేసుకుని, బూట్లు కుట్టేటప్పుడు పెట్టుకునే కళ్లజోడే పెట్టుకుని కూర్చున్నాడు. వెనకున్న వాళ్లకు తెర కంటే ఆయన తల ఎక్కువగా కనబడింది. గారడీ అయింది, పాట అయింది, మహారాణి ముఖమూ మా అక్క కాళ్లూ అయ్యాయి, గుంపు నాట్యం అయింది. అక్క కనబడలేదు.

"ఏదమ్మా మీ పెద్దమ్మాయి?" అంది పక్కింటావిడ.

"వెనకాల ఉంటుందట" అంది అమ్మ.

"ఎంత వెనకాల?"

నాన్న లేచి టీవీ ఆపేశాడు. "సరే, వచ్చే వారం చూద్దాం" అని కొట్టులోకి దిగిపోయాడు. ఆరేళ్లు ఇదే వరస. ప్రతి ఆదివారం జానెడు దూరంలో కూర్చోవడం, అయిపోగానే వచ్చే వారం చూద్దామని కిందికి దిగిపోవడం. దిగులుపడుతున్నాడని మేం ఆయన్ని కదిపేవాళ్లం కాదు.

వీధి ఊరుకుంటుందా? టీవీ పేరు చెప్పి ఆదివారాలు ఎక్కడికి వెళుతోందో అన్న మాట పుట్టింది. నా దగ్గరికి పళ్ల నొప్పితో వచ్చేవాళ్లు కూడా, దవడ వాచి మాట రాకపోయినా, ఆ ఒక్క ప్రశ్న మాత్రం అడిగేవాళ్లు. నాకు తల కొట్టేసినట్టుండేది. ఒకరోజు ఉండబట్టలేక అడిగేశాను.

"అక్కా, నిజం చెప్పు. అక్కడ నువ్వు టీలు అందిస్తున్నావు కదూ?"

అక్క కొత్త బూటు తొడుక్కుని చూసుకుంటోంది. "గుంపులో ఉన్నానని చెప్పానుగా" అంది.

"ఏ గుంపులో? నాన్న ఆ తెరకు ముక్కు ఆనించి మరీ వెతుక్కుంటున్నాడు పాపం. ఆయన కోసమైనా ఓసారి ముందుకొచ్చి నిలబడొచ్చుగా."

ఆమె మునివేళ్ల మీద లేచి నిలబడింది. "చూడవే, ఎంత బాగా పట్టిందో" అంది బూటు కేసి చూసుకుంటూ. "ముప్పై ఏడు వచ్చినా నా పాదం పదిహేడేళ్లప్పుడు ఎలా ఉందో అలాగే ఉంది. నాన్న కొలతలు తీసి ఎన్నేళ్లయిందో."

అవును మరి, దేవతవి, నీ పాదాలు ముదరవు అన్నాను. నా నోరు అలాంటిది.

ఆ చలికాలంలో నాన్న ఒకరి ఎడమ బూటుకు ఇంకొకరి కుడి బూటు జతచేసి ఇచ్చాడు. నలభై ఏళ్లలో మొదటిసారి. కళ్ల డాక్టరు దగ్గరికి నేనూ అక్కా తీసుకెళ్లాం. లోపలి నరం ఎండిపోతోంది, ఆపరేషన్‌కు లొంగేది కాదు, మహా అయితే రెండు మూడేళ్లు, చూడాల్సినవి ఉంటే ఇప్పుడే చూపించండి అన్నాడాయన. నాన్న దారి పొడుగునా డాక్టరు చెప్పుల గురించి మాట్లాడాడు. అక్క బస్సులో కిటికీ వైపు తిరిగి కూర్చుంది.

మర్నాడే వెళ్లి ప్రొడ్యూసరు కాళ్లు పట్టుకున్నంత పని చేసింది. ఒక్కసారి ముఖం చూపించండి, మా నాన్న చూడాలి, ఆ తర్వాత బతికినన్నాళ్లూ కాళ్లే చూపించండి అని అడిగింది. రేపు మాపు అంటూ నాలుగు నెలలు తిప్పాడు. చివరికి వేసవి సెలవులకు ముందు వచ్చే ఆఖరి ఆదివారం సరేనన్నాడు. ముందు ఎప్పటిలాగే మహారాణికి కాళ్లు అప్పివ్వాలి. తర్వాత వచ్చే గుంపు నాట్యంలో, పూర్తి గౌను వేసుకుని, ముందు వరస మధ్యలో నిలబడాలి. నాట్యం చివర రెండో కెమెరా ఆమె కాళ్ల నుంచి మెల్లగా పైకి వెళ్లి ముఖం మీద నాలుగు సెకన్లు ఆగుతుంది.

నాలుగు సెకన్లంటే ఎంతో తెలియాలంటే ఊపిరి పీల్చి వదలండి. అంతే. దానికోసం అక్క వారం రోజులు అద్దం ముందు నవ్వడం నేర్చుకుంది, నాలుకను పళ్ల వెనక కట్టిపడేసి. "ఈ ఆదివారం కనబడతా నాన్నా" అని చెప్పింది. నాన్న, "అలాగా" అన్నాడు. అమ్మ వీధంతా చెప్పింది.

ఇక స్టూడియోలో ఏం జరిగిందంటే. కెమెరా పట్టుకునే వాళ్లకు ఆ గంటంతా గుర్తుండదు కదా. అందుకని ఒక్కో అంశానికి ఒక్కో కార్డు రాసి, కట్టగా కెమెరాకు తగిలిస్తారు. ఒక అంశం అయిపోగానే పై కార్డు చించి పారేసి, కింద ఏముందో చూసి అది చేస్తారు. ఆ రోజు రెండో కెమెరా కట్టలో మూడో కార్డు ఒక కుక్కది, నాలుగోది మా అక్క కాళ్లది, ఐదోది మా అక్క ముఖానిది. కుక్క నిచ్చెన ఎక్కాలి. నేను ఎక్కనని కూర్చుంది. కుక్కను రద్దు చేశామని ప్రొడ్యూసరు చెప్పగానే కెమెరా ఆయన కుక్క కార్డు చించేశాడు. ఆ సంగతి తెలియక అక్కడి అసిస్టెంటు ఒకతను వచ్చి, ఇంకా చించలేదే అనుకుని, పైనున్న కార్డు తనూ చించేశాడు. కాళ్ల కార్డు అలా చెత్తబుట్టలోకి పోయింది.

అడ్డతెర అవతల అక్క తయారుగా ఉంది. కింద సగం గౌను. పైన మోచేయి దగ్గర చిరిగిన గోధుమరంగు స్వెటరు. గుంపు నాట్యానికి జుట్టు ఉంగరాలు తిరిగి ఉండాలని తలనిండా ప్లాస్టిక్ రోలర్లు, పదహారు.

ఇంట్లో మా ముందు గది నిండిపోయింది. కిటికీలోంచి కూడా చూస్తున్నారు. నాన్న జానెడు దూరంలో ఉన్నాడు. మహారాణి నవ్వింది, చేతులు ఆడించింది, తెర మీదికి కాళ్లు వచ్చాయి, తిరిగాయి, ఆగాయి. ఎప్పుడూ అయితే అక్కడ మళ్లీ మహారాణి ముఖం రావాలి. రాలేదు. కాళ్లు మెల్లగా కిందికి జరిగాయి. మోకాళ్లు వచ్చాయి, గౌను వచ్చింది, గౌను ఉన్నట్టుండి అయిపోయింది, చిరిగిన స్వెటరు వచ్చింది. ఆపైన మా అక్క. పదహారు రోలర్లు, చెమట, పెదవి మూల నుంచి ఇంత పొడుగు నాలుక. పెదవులు ఇంకా లెక్కపెడుతున్నాయి. ఒకటి, రెండు, మూడు, నాలుగు.

కంట్రోలు గదిలో మీట నొక్కాల్సిన మనిషి నోరు తెరుచుకుని చూస్తూ ఉండిపోయాడట. కెమెరా ఆయన్ని తర్వాత నిలదీస్తే, "కార్డులో ఏముంటే అది చేశాను సార్. ఆ తలకట్టు కొత్త ఫ్యాషన్ అనుకున్నాను" అన్నాడట.

నేను నవ్వాను. గదంతా నవ్వింది గానీ మొదలుపెట్టింది నేను. పక్కింటావిడ, "అయితే ఆ కాళ్లు మీ పెద్దమ్మాయివా" అని అడుగుతుంటే కూడా నాకు నవ్వు ఆగలేదు, కుర్చీతో సహా పడ్డాను. అమ్మ చేతుల్లో ముఖం దాచుకుంది. నాన్న లేచి టీవీ ఆపేశాడు. వచ్చే వారం చూద్దామని అనలేదు. ఎవరి ముఖమూ చూడకుండా మెట్లు దిగి కొట్టులోకి వెళ్లాడు. అప్పుడు ఆగింది నా నవ్వు.

గుంపు నాట్యం వెంటనే రద్దయింది. అక్కను అక్కడికక్కడే పొమ్మన్నారు. ఏడు కాకముందే ఇంటికి వచ్చేసింది, ఇంకా వెలుతురుంది. బస్సులో రోలర్లు తీసేసుకున్నట్టుంది, సగం జుట్టు ఉంగరాలు, సగం మామూలు. ఆ స్వెటరుతోనే ఉంది.

"నాన్న ఏడే?"

"కింద."

ఆమె దిగింది. నేను వెనకాలే వెళ్లి మెట్ల మధ్యలో నిలబడ్డాను. నాన్న బల్ల మీదికి వంగి పని చేసుకుంటున్నాడు.

"చూశావా నాన్నా?" అంది అక్క.

"చూశాను."

"మంచి గౌను వేసుకుని, చక్కగా నవ్వుతూ కనబడదామనుకున్నా. ఇలా అయింది. వీధిలో నీ పరువు తీశాను."

నాన్న తల ఎత్తలేదు. "ఎడమ బొటనవేలి పక్క ఎముక ఇంకాస్త పెరిగింది" అన్నాడు. "మూడు వారాలుగా చూస్తున్నా. ఎగిరినప్పుడల్లా నొప్పి ఓర్చుకుని దిగుతున్నావు. ఈ జత మార్చాలి."

అక్కకు అర్థం కాలేదు. నాకూ కాలేదు. ఆయన చేతిలో ఉన్నదేమిటో అప్పుడు చూశాను. అక్క ఎడమ కాలి అచ్చు. బొటనవేలి పక్కన తోలు ముక్క మీద తోలు ముక్క, దాని మీద ఇంకో ముక్క, పొరలు పొరలుగా అంటించి ఉంది. ఆరేళ్ల ముక్కలు. పదిహేడేళ్ల పాదం అని ఈవిడ మురిసిపోయిందంతా ఆ ముక్కల చలవే.

"నీకు తెలుసా?" అంది అక్క.

"ఏది?"

"ఆ కాళ్లు నావని."

"నా పని నేను గుర్తుపట్టనా" అన్నాడు. "మొదటి వారమే. రాగానే."

"మరి ఒక్క మాట అనలేదేం?"

"నువ్వు చెప్పలేదుగా. ఎవరికో మాటిచ్చి ఉంటావనుకున్నా. వచ్చే వారం చూద్దాం అంటూనే ఉన్నాగా."

అక్కకు ఒళ్లు మండింది. ఏడుస్తుందనుకున్నాను, అరిచింది. "ఆరేళ్లు నాన్నా. వీధిలో వాళ్లంతా ఎన్నేసి మాటలన్నారు. నీకు ముఖం చూపించాలని ఆ ప్రొడ్యూసరు చుట్టూ నాలుగు నెలలు తిరిగాను. నీ కళ్లు పోయేలోపు చూపించాలని."

నాన్న అచ్చు పక్కన పెట్టాడు. "నీ ముఖం రోజూ ఇంట్లో చూస్తూనే ఉన్నా కదమ్మా" అన్నాడు. "దానికోసం టీవీ ఎందుకు?"

మెట్ల మీద నాకు ఏడుపు తన్నుకొచ్చింది. ఆరేళ్లు ఈయన జానెడు దూరంలో కూర్చుని ఎవరినీ వెతుక్కోలేదు. దిగులుతో కిందికి దిగిపోనూ లేదు. చూసింది మరిచిపోకముందే అచ్చు సరిచేయడానికి దిగేవాడు.

అక్క బల్ల పక్కన కూలబడింది. నాన్న కళ్లజోడు సవరించుకుని ఆమె కేసి పరీక్షగా చూశాడు, బహుశా ఆ రోజుకు మొదటిసారి ముఖం కేసి.

"ఆ స్వెటరు నాది" అన్నాడు. "చలికాలం నుంచి వెతుకుతున్నా."

మూడు వారాల తర్వాత నాన్న కిటికీలోంచి చూసి, "ఎవరో బతిమాలడానికి వస్తున్నారు. కొత్త బూట్లు, అడుగు ముందుకు పడట్లేదు" అన్నాడు. ప్రొడ్యూసరు ఐదు మెట్లూ దిగాడు. ఆ రోలర్లావిడ ఎవరు, మళ్లీ ఎప్పుడొస్తుంది అని జనం బస్తాల కొద్దీ ఉత్తరాలు రాశారట. మహారాణికి హఠాత్తుగా నడుం నొప్పి వచ్చి, ఇకపై పాటలు మాత్రమే పాడతానందట. అవే రోలర్లు, అదే స్వెటరు, అదే నాలుకతో, వంటింట్లో బాలే చేసే ఆవిడగా వారానికి ఐదు నిమిషాలు చేస్తావా అని అడిగాడు.

"స్వెటరు ఇవ్వను" అన్నాడు నాన్న.

"వేరేది కొనుక్కుంటారులే" అంది అక్క. తర్వాత ప్రొడ్యూసరు వైపు తిరిగింది. "ముఖం మీరెంతసేపు చూపిస్తారో మీ ఇష్టం. ప్రతి వారం చివర్లో మాత్రం కెమెరా ముఖం నుంచి మెల్లగా కిందికి రావాలి. కాళ్ల మీద నాలుగు సెకన్లు ఆగాలి. కార్డు మీద రాయండి. ఇద్దరు చించకుండా చూడండి."

అలా ఇంకో పదకొండేళ్లు చేసింది. నాలుగో దెయ్యంగా పనికిరాని ముఖం దేశానికి ముద్దొచ్చింది. బస్సులో చిన్నపిల్లలు ఆమెను చూసి నాలుక బయటపెట్టేవాళ్లు, ఈవిడా పెట్టేది. గొప్ప బాలే వాళ్లు ఇదంతా కోతి చేష్ట అన్నారు. అనుకోనీ. వాళ్ల మూడో దెయ్యాన్ని ఎవరైనా గుర్తుపడతారేమో అడగండి.

నాన్నకు మొదటి రెండేళ్లు కాళ్లు కనబడ్డాయి, జానెడు దూరం బెత్తెడైంది. మూడో ఏట పూర్తిగా చీకటైపోయింది. అయినా ఆదివారం ఐదింటికి కుర్చీ వేయించుకునేవాడు, ఈసారి తెరకు చెవి ఆనించి. చూసి చెప్పే పని నా నెత్తిన పడింది.

"ఇప్పుడు కాళ్లొచ్చాయి నాన్నా" అన్నాను ఓ వారం.

"ఎడమది ఎలా దిగింది?"

"చాలా బాగా దిగింది."

"నీ మొహం. చప్పుడు విన్నాను, పక్కకు ఒరిగింది."

అక్క ఇంటికి రాగానే ఆయన కుర్చీలోంచే చెయ్యి చాపాడు. ఆమె చెప్పు విడిచి, నలభై రెండేళ్ల మనిషి, తొమ్మిదేళ్ల పిల్లలా ఎడమ పాదం తీసి ఆయన ఒళ్లో పెట్టింది. ఆయన బొటనవేలి పక్కన తన బొటనవేలితో ఒకసారి అటూ ఒకసారి ఇటూ తడిమాడు.

"చెప్పానా" అన్నాడు నాతో, నేను లేని వైపు తిరిగి.

గోడ పట్టుకుని పదకొండు మెట్లూ దిగాడు. పై అరలో అచ్చు వెతికి తీసుకుని, నాలుక కొన బయటపెట్టి, పాత ముక్కల మీద ఇంకో ముక్క అంటించాడు. ఆరేదాకా ఎవరూ ముట్టుకోవద్దన్నాడు.